దర్యాగట్టు మీద రేపటి మాటలు

జవాబు కోసం తడుముకోవడమంటే ఏమిటో జంగప్పకు తెలియదని తాండూరు నాపరాతి గనుల్లో పేరు. ఎదుటివాడు నోరు తెరిచి మూసేలోగా అతని జవాబు వచ్చి పడేది. విన్నవాళ్ళు సమ్మెటలు కింద పెట్టి నవ్వేవాళ్ళు. గని లెక్కలు చూసే మున్షీ వెంకటయ్య అయితే అతనితో మాట్లాడవలసి వస్తే ముందు ఒకసారి గొంతు సవరించుకునేవాడు. పెళ్ళాం భీమమ్మది ఇంకో బాధ. పెళ్ళయిన కొత్తలో, మొగుడికి నోట్లో నాలుకే లేదని ఏడ్చింది. ఇప్పుడు ఆ నాలుక ఎక్కడ మొలిచిందో తెలియక ఏడుస్తున్నది.

మొలిచింది దర్యాగట్టు మీద.

గని నడుమ, చుట్టూ రాయి తీసేయగా మిగిలిపోయిన పొడుగాటి గట్టు అది. అక్కడ పొరలు వంకరపోయి ఉన్నాయి, సమ్మెట వేస్తే ముక్కలే తప్ప బండ తేలదు. అందుకని దాన్నెవరూ ముట్టలేదు. చాలా ఏండ్ల కింద, రాళ్ళ సంగతి చదువుకున్న ఒక ఆఫీసరు హైదరాబాదు నుంచి వచ్చి, దానిమీద మోకాళ్ళ మీద కూర్చుని, అద్దం పెట్టి చూశాడు. రాతిమీద ఇసుకలో గాలి గీసినట్టు సన్నటి చారలున్నాయి. అవి అలల గుర్తులన్నాడు. ఇదంతా ఒకప్పుడు సముద్రమనీ, ఈ గట్టు నీళ్ళ అడుగున మునిగి ఉండేదనీ చెప్పాడు. దర్యా అంటే సముద్రం; గట్టుకు ఆ పేరు అప్పుడే పడింది.

"సముద్రం పొయ్యి ఎన్నేండ్లాయె సారూ?" అనడిగాడు ముసలి అంజిలయ్య.

"కోట్ల ఏండ్లు."

"మరి గీ సంగతి గట్టుకు ఎరికేనా?"

ఆఫీసరు నవ్వి, అద్దం జేబులో వేసుకుని రైలెక్కి పోయాడు. ఆయన నవ్వాడు గానీ అంజిలయ్య అడిగింది అడగవలసిన ప్రశ్నే. పొద్దు పొడవడం, పొద్దు గుంకడం తెలియని నీళ్ళ అడుగున కోట్ల ఏండ్లు పడి ఉన్న గట్టుకు నిన్న ఏది, రేపు ఏది అన్న పట్టింపు ఎక్కడినుంచి వస్తుంది? నీళ్ళు పోయినా దాని అలవాటు పోలేదు. ఆ సంగతి మొదట తెలుసుకున్నవాడు జంగప్ప. తెలుసుకుని, ఎవరికీ చెప్పకుండా కడుపులో దాచుకున్నవాడూ అతనే.

ఏడేండ్ల కిందట ఒక పగటిపూట అతను బువ్వ తిని, గట్టు మీద దొప్పలాగా ఉన్న ఒక గుంటలో తల పెట్టి ఒరిగాడు. వాడి జంక్షనుకు పోయే పగటి రైలుబండి కూత వేసింది. ఆ వెంటనే చెవిలో భీమమ్మ గొంతు: "పుంటికూరల ఉప్పు జరంత ఎక్కువైంది. నోరు మూస్కొని తిను."

జంగప్ప లేచి చూశాడు. సద్ది తెచ్చిన భీమమ్మ పది అడుగుల దూరంలో గిన్నె తోముతున్నది. పెదవి కదలడం లేదు. పైగా ఆ పూట తిన్నది చిక్కుడుకాయ. దయ్యమేమోనని అతను ఆ సాయంత్రం మెడలో తాయెత్తు తడుముకుంటూ ఇంటికి పోయాడు. మర్నాడు పగటి బండి కూసింది. భీమమ్మ గిన్నె మూత తీసింది. పుంటికూర.

"ఉప్పు జరంత ఎక్కువైంది," అంది భీమమ్మ. "నోరు మూస్కొని తిను."

ఆ తరువాత గట్టు లెక్క అతనికి మెల్లగా తెలిసింది. బండి కూసినప్పటినుంచి మనిషి రెండు జొన్నరొట్టెలు తినేంతసేపు ఆ గుంట పలుకుతుంది. మరునాడు అదే వేళకు ఆ గట్టు చుట్టుపక్కల ఎవరేం మాట్లాడతారో అది పలుకుతుంది. మనిషి గొంతు తప్ప బండి కూత, సమ్మెట దెబ్బ, కాకి అరుపు దానికి పట్టవు. ఒక్క రోజే ముందు. అంతకంటే ఒక్క గడియ ఎక్కువ అడిగినా చెప్పదు.

ఇక జంగప్పకు కావలసిందేముంది? రేపు భీమమ్మ ఏమంటుందో ఇవాళ వినేవాడు. దానికి తను ఏమని జవాబిస్తాడో అదీ అందులోనే వినేవాడు. మరునాటి పగటి దాకా దాన్ని నోట్లో నానబెట్టి, వేళకు తీసి విసిరేవాడు. అసలు ఆ జవాబు మొట్టమొదట ఎవరు ఆలోచించారంటే చెప్పడం కష్టం. జంగప్ప గట్టు దగ్గర విన్నాడు. గట్టు జంగప్ప దగ్గర విన్నది. ఇద్దరిలో ఎవరికీ అంత తెలివి లేదు.

"నిన్ను జేసుకునే బదులు గీ బండను జేసుకుంటె బాగుండు," అనేది భీమమ్మ.

"బండ ఒప్పుకోలే. నిన్ను జూసి దడుసుకున్నది," అనేవాడు జంగప్ప, గుంటకు చెవి ఆనించి పడుకున్నవాడు పడుకున్నట్టే.

గనివాళ్ళంతా పొట్టలు పట్టుకునేవాళ్ళు. జంగప్పకు మాత్రం నవ్వు వచ్చేది కాదు. అది నిన్ననే విన్న హాస్యం. ఒక చెవి గుంటలో రేపటిని వింటుంటే ఇంకో చెవికి ఇవాళ్టి మాటలు ఈగల మోతలాగా వినబడేవి. ఇవాళ్టి సంగతి నిన్ననే తెలిసినవాడు ఇవాళ వినడం దేనికి?

గట్టు మౌనంగా ఉండే రోజు వారానికి ఒకటి ఉండేది. గనికి సుట్టి, అంటే సెలవు, జుమ్మా నాడు. శుక్రవారం అక్కడ మాట్లాడే పురుగుండదు కనుక గురువారం గుంటలో మాట ఉండదు. జంగప్ప మాత్రం శుక్రవారం కూడా ఒక్కడే వచ్చి, నోరు మెదపకుండా శనివారం మాటలు విని పోయేవాడు. ఇంకొకసారి మాత్రం వేరే రోజు మౌనం పట్టింది. రెండేండ్ల కింద ఒక సోమవారం నాడు జంగప్ప ఎంత చెవి నొక్కిపెట్టినా గుంట పలకలేదు. మంగళవారం తెల్లారేసరికి తోటి పనివాడు బాలప్ప పోయాడన్న కబురు వచ్చింది. గనిలో పనిచేసే మనిషి పోతే ఆ రోజు ఎవరూ రాయి ముట్టరు. పోయినవాడి సమ్మెటను బండమీద బోర్లించి పెట్టి, అందరూ కాటికి పోతారు. ఆనాడు గట్టు ఎందుకు పలకలేదో జంగప్పకు కాటి దగ్గర తెలిసింది. అప్పటినుంచి గురువారం కాని రోజు గుంటకు చెవి ఆనించే ముందు అతను ఒకసారి మెడలో తాయెత్తు పట్టుకునేవాడు. గొంతు వినబడగానే, అది భీమమ్మ తిట్టే అయినా సరే, వదిలేసేవాడు.

పోలీసు యాక్షన్ అయి, నిజాం రాజ్యం పోయి ఏడాది దాటింది. కాగితాల మీద ముద్రలు మారాయి, తాండూరు స్టేషనులో టోపీలు మారాయి. గనిలో రాయి, ఎండ, మున్షీ మారలేదు. అలాంటి ఒక వారం, బుధవారం నాడు, జంగప్ప వికారాబాదు పోయాడు. అక్క మనుమడికి పేరు పెడుతున్నారు. అక్కడ కడుపునిండా తిని, మనుమడికి తన ముక్కే వచ్చిందని పదిమందితో అనిపించుకుని, సాయంత్రం బండికి తిరిగి వచ్చాడు.

దాంతో గురువారం పగటిపూట అతనికి ఆ రోజు మాటలు తెలియవు. పెళ్ళాం ఏమంటుందో తెలియదు, జవాబూ లేదు. బాలప్ప పోయిన మరునాడు తప్ప ఏడేండ్లలో ఇలాంటి దిక్కులేని రోజు రాలేదు. కడుపులో బాగాలేదని చెప్పి గుంటకు చెవి ఆనించి, మొఖం మీద రుమాలు కప్పుకుని పడుకున్నాడు. భీమమ్మ ఇంకా సద్ది తీసుకురాకముందే మున్షీ వెంకటయ్య పనివాళ్ళందరినీ పిలిచి ఏదో కాగితం చదివాడు. ఈగల మోత. జంగప్ప వినలేదు. ఎందుకంటే, వింత! గురువారం నాడు గుంట పలుకుతున్నది. తోటి పనివాడు మొగులప్ప గొంతు: "జుమ్మనాడు గూడ సమ్మెట వట్టుడేంది! మా తాత నుంచి ఉన్న సుట్టి పాయె గద."

అంటే శుక్రవారం సుట్టి తీసేశారన్నమాట. కొత్త సర్కారు కదా, ఏం చేసినా చేస్తుంది అనుకున్నాడు జంగప్ప. శుక్రవారం బుద్ధిగా పనికి వచ్చాడు. ఆ పగలు గుంటలో శనివారం మాటలు విన్నాడు. అందులో అంజిలయ్య గొంతుంది, మొగులప్ప గొంతుంది, భీమమ్మ అన్న ఒక మంచి కారపు మాట ఉంది. దానికి తన జవాబు మాత్రం వినబడలేదు. రేపు ఆ వేళకు నోట్లో రొట్టె ఉంటుందేమో అనుకుని ఊరుకున్నాడు.

శనివారం పగటి బండి కూసింది. జంగప్ప చెవి ఆనించాడు.

మాట లేదు.

చెవిలో దుమ్ము పడిందేమోనని చిటికెనవేలు పెట్టి తిప్పి, మళ్ళీ ఆనించాడు. ఈ చెవి తీసి ఆ చెవి పెట్టాడు. దర్యాగట్టు బండలాగే ఉంది.

రేపు ఎవరో పోతున్నారు. ఎవరు?

గుంట పలికే వేళ దాటేదాకా ఆగి, మెల్లగా లేచి కూర్చుని ఒక్కొక్కరినే చూడసాగాడు. అంజిలయ్య మీద చూపు ఆగింది. డెబ్బై దాటినవాడు, పైగా దగ్గుతున్నాడు. జంగప్పకు కొంచెం ఆశ పుట్టింది. ఆశ పుట్టినందుకు సిగ్గు కూడా పుట్టింది.

"తాతా, పానం ఎట్లున్నది?"

"మంచిగున్నది బిడ్డా. మిరపగింజ గొంతుల వడ్డది. నీ తాన ఇంకో రొట్టె ఉంటె ఇయ్యి. నాలుగుతోని ఆగుతలేదు."

అంజిలయ్య కాదు. మొగులప్ప గుండ్రాయిలాగా ఉన్నాడు. మిగిలినవాళ్ళు నవ్వుతున్నారు, తింటున్నారు, ఒకడు ఎగిరి గట్టు దిగుతున్నాడు. అప్పుడు జంగప్పకు పొద్దుటినుంచి తన ఎడమపక్క ఏదో పోటుగా ఉన్నట్టు గుర్తొచ్చింది. తడిమి చూసుకున్నాడు. నిజంగానే పోటు. తడిమిన కొద్దీ పెరుగుతున్నది.

"ఏందయ్యా, మొఖం సున్నం గొట్టినట్టున్నది?" అంది భీమమ్మ. "ఇంత మంచి మాట అన్న, జవాబన్న ఇయ్యవైతివి."

జంగప్ప లేచాడు. సమ్మెట తీసుకుపోయి మొగులప్ప చేతిలో పెట్టాడు.

"తమ్మీ, గిది నువ్వు ఉంచుకో."

"మంచిది జంగన్నా. సోమారం తీస్కుందువు తీ."

"సోమారం నేనేడుంట!" అని, మున్షీతో కడుపునొప్పి అని చెప్పి ఆ పూటే పని విడిచి ఇంటిదారి పట్టాడు. మొగులప్ప చాలాసేపు సమ్మెటనూ, పోతున్న మనిషినీ మార్చి మార్చి చూశాడు.

వాళ్ళ ఇల్లు పెద్దేముల్ దారిలో నాలుగు గడపల పల్లెలో. చుట్టుపక్కల అంతా కంది చేలల్లో కూలికి పోయేవాళ్ళే, గని మనిషి ఇంకొకడు లేడు. సాయంత్రం భీమమ్మను కూర్చోబెట్టి జంగప్ప అన్నీ చెప్పేశాడు. గుంట, పుంటికూర, బాలప్ప, ఇవాళ్టి మౌనం. చచ్చేవాడికి దాపరికం ఎందుకని ఆ జవాబులన్నీ ఎక్కడివో కూడా చెప్పాడు.

భీమమ్మ మొదట నవ్వింది. తరువాత, ఏడేండ్లుగా ఈ మనిషి జవాబుకు ఒక్కసారీ తడుముకోలేదని గుర్తొచ్చి ఏడ్చింది. ఏడుస్తూ ఏడుస్తూ నడుమ ఆగింది.

"ఏడేండ్ల సంది నా తిట్లు నాకన్న ముందుగాల ఇన్నవా?"

"ఇన్న."

"నేను పొద్దంత కలుపు తీసుకుంట ఒక్కొక్క మాట కూడవెట్టుకొని వస్తుంటి గదరా! నువ్వు దొంగసొమ్ముతోని నన్ను గెలుస్తుంటివా?"

"సచ్చెటోన్ని తిట్టకే."

"సస్తె ఎట్ల తిట్టాలె? ఇప్పుడే తిట్టాలె!"

తిట్టింది. తిట్టి, ఏడ్చి, మళ్ళీ తిట్టింది. ఏడేండ్ల బాకీ అంతా తీర్చుకుని, ముక్కు తుడుచుకుని, చివరికి ఒక ఉపాయం పట్టుకుంది.

"రేపు పగటికి ఎవ్వరు మాట్లాడరని గదా గట్టు చెప్పింది? నువ్వు ఆడికి పొయ్యి మాట్లాడు. ఒక్క మాట. గట్టు చెప్పింది అబద్ధమైతది, నీ పానం నిలబడతది."

"సచ్చినోడు ఎట్ల మాట్లాడుతడే?"

"సచ్చేదాంక ఎందుకు ఆగుతవు? బండి కూయంగనే మాట్లాడు. నీ నోరు రాకుంటె నేనుంట గద. నా నోరు మూసెటోడు ఇంక పుట్టలే."

ఇది జంగప్పకు నచ్చింది. కొంచెం అన్నం కూడా తిన్నాడు. కానీ భీమమ్మ అక్కడితో ఆగలేదు. ఒకవేళ ఉపాయం పారకపోతే అని ఏడ్చింది, పారితే మళ్ళీ రేపటినుంచి దొంగచెవి పెడతాడని తిట్టింది. తెల్లారేసరికి ఆమె గొంతు బొత్తిగా పోయింది. నోరు తెరిస్తే తిత్తిలోంచి గాలి వచ్చినట్టు ఉస్సుమంటున్నది.

ఆదివారం జంగప్ప ఉతికిన ధోతి కట్టుకుని, తల దువ్వుకుని బయలుదేరాడు. దారి పొడుగునా తను అనవలసిన ఒక్క మాటను వల్లించుకున్నాడు: "బతికిన." వెనక భీమమ్మ గిన్నె నెత్తిన పెట్టుకుని ఉస్సు ఉస్సుమంటూ నడిచింది.

గనిలో మనిషి లేడు. ఒక్క సమ్మెట చప్పుడు లేదు. బండల మధ్య ఒక ఉడుత మాత్రం తిరుగుతున్నది. జంగప్ప నాలుగు వైపులా చూశాడు. తను ఇంకా చావనే లేదు, అప్పుడే అందరూ తన కాటికి పోయారు! ఆ తొందర చూసి అతనికి కొంచెం కోపం కూడా వచ్చింది.

ఇద్దరూ గట్టెక్కి కూర్చున్నారు. ఎండ నెత్తిమీదికి వచ్చింది. దూరంగా పగటి బండి కూసింది.

జంగప్ప నోరు తెరిచాడు. నాలుక అంగిట్లో అతుక్కుంది. 'బ' దాకా వచ్చి పెదవులు రెండూ కలుసుకున్నాయి గానీ విడిపోలేదు. భీమమ్మ వైపు చూశాడు. భీమమ్మ మెడనరాలు ఉబ్బించి, కళ్ళు పెద్దవి చేసి, ఒంట్లో ఉన్న బలమంతా పెట్టి అరిచింది. ఉస్. ఇంకోసారి అరిచింది. ఉస్. నెత్తి కొట్టుకుంది. ఏడేండ్లలో ఆ గట్టు మీద ఆమె ఉండి కూడా మాట లేకుండా పగటిపూట గడవడం అదే మొదలు.

గట్టు చెప్పిందే నిజమైంది. జంగప్ప కళ్ళు మూసుకుని, చావు వచ్చేదాకా ఏం చేయాలో తోచక, అలవాటు కొద్దీ గుంటలో చెవి పెట్టి పడుకున్నాడు.

గుంటలో గొంతులే గొంతులు!

"వదినే, ఇగో మీ ఆయన సమ్మెట. సచ్చిపోతున్నని నాకిచ్చి పాయె," అంటున్నాడు మొగులప్ప. చుట్టూ నవ్వులు. "ఏమే జంగన్నా, ఇగ నుంచి సుట్టి జుమ్మనాడు గాదు, ఐతారం నాడు అని మున్షీ సారు బేస్తారం కాగితం సదివితె నువ్వు గిదే బండకు చెవి వెట్టి పన్నవు గదనే! బండ తోని ఏం ముచ్చట నీకు?"

ఆ తరువాత భీమమ్మ గొంతు. గీర లేదు, జీర లేదు. కంచు కొట్టినట్టుంది.

"సర్కారు సుట్టి ఇస్తె చావొచ్చిందనుకునే మొగడు గీ దేశం మొత్తం మీద నాకొక్కదానికే దొరికిండు!"

ఇంత కమ్మటి తిట్టు జంగప్ప పుట్టి బుద్ధెరిగి వినలేదు. ఇవాళ ఆదివారం, కొత్త సుట్టి; అందుకే నిన్న గుంట పలకలేదు. రేపు సోమవారం. రేపు తను ఉన్నాడు. ఉండి తిట్లు తింటున్నాడు. ఒళ్ళంతా నవ్వు పుట్టి, గొంతు రాక, పడుకున్నచోటే వెదురులాగా కదిలిపోసాగాడు. ఇక తన జవాబు. ఇలాంటి తిట్టుకు రేపు తను ఏమంటాడో! చెవిని ఇంకా నొక్కిపెట్టాడు.

అప్పుడే ఎవరో ఆ రెండో చెవి పట్టుకుని మనిషిని మొత్తం పైకి లేపారు. ఒళ్ళు కదిలిపోవడం చూసి పానం పోతున్నదనుకుని భీమమ్మ పట్టిన పట్టు అది. జంగప్ప విడిపించుకుని మళ్ళీ వంగేసరికి రెండు రొట్టెలు తినే వేళ దాటింది. గుంట నోరు మూసుకుంది.

"బతికిన," అన్నాడు జంగప్ప.

భీమమ్మ కూలబడింది. అతను సంగతంతా చెప్పాడు. ఆమె కళ్ళు తుడుచుకుని, అతని భుజం మీద గట్టిగా ఒకటి వేసి, ఊపిరితో అడిగింది: "రేపు నేనేమంట?"

"అది చెప్ప. నువ్వే అనాలె."

"నువ్వేమంటవు మరి?"

జంగప్ప మొఖం వేలాడేశాడు. "తెల్వది. నువ్వే గుంజితివి."

భీమమ్మ గుంట వైపు, తన గిన్నె వైపు చూసింది. మెల్లగా ఆమె మొఖం విప్పారింది.

సోమవారం పగటి బండి కూసే ముందే ఆమె గట్టెక్కి, సద్దిగిన్నె ఖాళీ చేసి, దాన్ని గుంట మీద బోర్లించి, దానిమీద కూర్చుంది. గొంతు తిరిగి వచ్చింది. మొగులప్ప సమ్మెట తెచ్చిచ్చాడు, కాగితం సంగతి చెప్పాడు. భీమమ్మ కంచు కొట్టినట్టు ఆ మాట అన్నది. అంజిలయ్య దగ్గుతో నవ్వుతో సగమయ్యాడు. అందరూ జంగప్ప వైపు తిరిగారు. ఇప్పుడు పడాలి కదా జవాబు. మున్షీ వెంకటయ్య కూడా దూరంగా నిలబడి చెవి ఇటు పెట్టాడు.

జంగప్ప నోరు తెరిచాడు. రాత్రంతా పది జవాబులు కూడబెట్టాడు. తొమ్మిది మరిచిపోయాడు, పదోది బాగాలేదు. మూశాడు. మళ్ళీ తెరిచాడు.

"అవునే," అన్నాడు.

ఒక్క క్షణం ఎవరికీ అర్థం కాలేదు. ఆ తరువాత ఏడేండ్లలో ఎన్నడూ నవ్వనంత నవ్వారు. మొగులప్ప బండమీద పడి దొర్లాడు. భీమమ్మ నవ్వకూడదని పెదవి కరుచుకుంది గానీ కింద గిన్నె గలగలలాడింది. జంగప్పకూ నవ్వొచ్చింది. నిన్న వినని నవ్వు కదా, పొట్టలో కొత్తగా, గిలిగింతగా ఉంది.

భీమమ్మ అతని రొట్టె మీద ఇంకో రొట్టె పెట్టింది.

"రేపు కూరేందే?" అనడిగాడు జంగప్ప.

"రేపు జూడు," అంది భీమమ్మ, గిన్నె మీంచి లేవకుండా.